పాట కింద పోయిన గొంతు

నేను తిరిగిన ఊళ్ళన్నీ బావి గట్టు మీద నుంచి చూసినవే. ఏ ఊళ్ళో గుడి ఎక్కడుందో, సంత ఏ వారమో అడిగితే చెప్పలేను. మట్టి ఎంతవరకు మెత్తగా వస్తుంది, బండ ఎక్కడ తగులుతుంది అంటే చెబుతాను. మాది ప్రకాశం జిల్లా కంభం పక్కన పల్లె. బావులు తవ్వే పని మాది. నా పెనిమిటి ఓబులేసు ముఠా మేస్త్రి. పెళ్ళయిన కొత్తలో ముఠాతో కలిసి తమిళనాడు దాకా వెళ్ళి, కృష్ణగిరి పక్కన కుందారపల్లిలో ఒక మామిడితోటలో బావి తవ్వాం. పాతికేళ్ళ పైమాట. ఇప్పుడు మళ్ళీ ఆ దారిన వెళ్ళి వచ్చాను, ఈసారి తట్టా తాడూ లేకుండా. నాకు అక్షరాలు సంతకం వరకే వచ్చు గనక నేను చెబుతుంటే మా ఊరి పంతులమ్మ రాస్తోంది.

ఈ ప్రయాణం మానస వల్ల జరిగింది. హైదరాబాదు అమ్మాయి. సినిమాలకు పాత ఫుటేజీ వెతికి తెచ్చే పని చేస్తుంది. ఎప్పుడో ఎవరో తీసి వదిలేసిన బొమ్మలు ఎక్కడున్నాయో పట్టుకోవాలి, అవి ఎవరివో తెలుసుకోవాలి, అడగాలి, శుభ్రం చేయించాలి, అప్పుడు సినిమా తీసేవాళ్ళ చేతికి ఇవ్వాలి. అదీ ఆమె పని. బావులు తవ్వేవాళ్ళ మీద వేషాలు లేని సినిమా ఒకటి తయారవుతోందట. ప్రభుత్వం దాచిన పాత బొమ్మలన్నీ వెతికితే ఆనకట్టలున్నాయి, రిబ్బన్లు కత్తిరించే మంత్రులున్నారు, బావిలో దిగిన మనిషి మాత్రం లేడట. వెతగ్గా వెతగ్గా కృష్ణగిరిలో ఒక వీడియో ఆయన, మామిడితోట బావి ఒకటి తీసిన గుర్తుంది, తవ్వింది కంభం వాళ్ళు, మేస్త్రి పేరు ఓబులేసు అన్నాడట. అలా నా ఫోను మోగింది.

"ఓబులేసుగారేనా అండీ మాట్లాడేది?"

"ఆయన పోయి శానా ఏండ్లాయ తల్లీ. నేను ఆయన పెళ్ళాన్ని, గురవమ్మను."

నా గొంతు విని మగమనిషి అనుకున్నది ఆ పిల్ల ఒక్కతే కాదు. బోర్లు వచ్చి బావిపని ఆగిపోయాక మేమిద్దరం కంకర మిల్లులో చేరాం. ఆ దుమ్ము నా గొంతు పట్టుకుంది, ఆయన ఊపిరి పట్టుకుంది. చివరి ఏళ్ళలో ఆయనకు మాట కంటే దగ్గే ఎక్కువ. పోయాక నా చెవిలో అదే మిగిలింది. ఎంత తలుచుకున్నా దగ్గు వినబడుతుంది గానీ, బావి అడుగు నుంచి ఖంగున పైకి వచ్చే ఆ గొంతు గుర్తుకు రాదు. మొహానికి ఫోటో ఉంది. గొంతుకు ఏముంది?

"ఆ బొమ్మలో మాటలు ఇనపడతాయా?" అని అడిగాను.

"చూస్తేగానీ తెలీదు పెద్దమ్మా. మీరు వస్తే మనుషుల్ని గుర్తుపడతారు. ఎవరున్నారో తెలియకుండా, వాళ్ళనో వాళ్ళ ఇంటివాళ్ళనో అడక్కుండా మేం ఏదీ వాడం."

మమ్మల్ని చూపించడానికి ఒకరు మమ్మల్ని అడగడం నేను వినడం అదే మొదలు. సంచీ సర్దుకున్నాను.

కృష్ణగిరి: గాజు అలమరలో కెమెరా

పొద్దున్నే కృష్ణగిరిలో బస్సు దిగాం. ఊరి పక్కనే పెద్ద బండకొండ, పైన పాత కోట. మానస కోటను ఫోటో తీసుకుంది. ఆ బండను చూస్తే నాకు మాత్రం అరచేతులు దురద పెట్టాయి. బోర్డుల మీదంతా అరవం, నోళ్ళలో సగం తెలుగు. కాఫీని కాపీ అంటారు. చిన్న గ్లాసు, పెద్ద నురగ, పదిహేను రూపాయలు. మా కంభంలో ఆ డబ్బుకు రెండు టీలు వస్తాయి గానీ, ఇంత చిక్కటి పాలు రావు. ఒప్పుకోవాలి.

వీడియో ఆయన పేరు మునిరాజప్ప. బస్టాండు వెనక సందులో కొట్టు. ఇప్పుడు ఫ్లెక్సీలు కొడుతున్నాడు, పాస్‌పోర్టు ఫోటోలు తీస్తున్నాడు. భుజాన మోసే పాత వీడియో కెమెరాను గాజు అలమరలో పెట్టి, దానికి కుంకుమ బొట్టు పెట్టాడు.

"రండమ్మా, రండి. దూరం నుంచి వచ్చినారు. ఓబులేసప్ప సంసారమా మీరు? ఆయప్ప నాకు బాగా గ్యాపకం. బావిలో నుంచి పైకొచ్చి, ఒళ్ళంతా మట్టి పెట్టుకోని, నా కెమెరా ముందర మీసం తిప్పినాడు" అన్నాడు. ఆ వైపు పెళ్ళాన్ని సంసారం అంటారు.

ఆయన ఆ కేసెట్టు కథ చెప్పాడు. తోట యజమాని కూతురు పెద్దమనిషి అయిన వేడుకకు వీడియో తీయడానికి వెళ్ళాడట. యజమాని, "ఎట్లాగూ వచ్చినావు కదప్పా, బావిలో నీళ్ళు పడేట్టు ఉండాది, ఆడ కూడా నాలుగు షాట్లు తియ్యి" అన్నాడట. వెళ్ళి తీశాడు.

"మాటలు ఇనపడతాయా అప్పా?" అన్నాను.

"కెమెరాకు మైకు ఉండె కదమ్మా, అన్నీ పడింటాయి. మిక్సింగులో తీసేసి పాట ఏసినాను."

మానస నోట్లో నుంచి చిన్న శబ్దం వచ్చింది, ముల్లు గుచ్చుకున్నట్టు. "ఎందుకు తీసేశారండీ?"

"ఏమ్మా అట్ల అడుగుతావు! పాట లేకుండా ఇస్తే 'దుడ్డు తీసుకోని మూగబొమ్మ ఇచ్చినాడు' అంటారు. ఆ కాలంలో ఈ చుట్టుపక్కల బొమ్మ మీద పూలు రాల్చేది నేను ఒగడే. బెంగళూరు నుంచి వచ్చి చూసి పోతా ఉండిరి."

"అసలు షూటింగు కేసెట్టు ఉందా మీ దగ్గర?"

"యాడుంటాది? నా దగ్గర ఉండిందే నాలుగో అయిదో. ఒగ ఫంక్షను మిక్సింగు అయిపోతానే దాని మీదే ఇంగో ఫంక్షను. కొత్త కేసెట్టు కొనాలంటే అప్పుడు ఊరికే వస్తుండెనా?"

మా పక్క మార్కాపురంలో పలకలు చేస్తారు. రాయడం, తుడవడం, మళ్ళీ రాయడం. అలాగన్నమాట. ఇక లేచి ఇంటికి పోదాం అనిపించింది నాకు. మానస మాత్రం కోప్పడలేదు, ముఖం మాడ్చలేదు. మీ షూటింగు కేసెట్లకు గుర్తేమైనా ఉండేదా, ఏ ఏ ఊళ్ళలో తీసేవారు, ఆ తర్వాత తీసిన ఫంక్షన్లు ఏవి అని, వైద్యుడు రోగిని అడిగినట్టు నిదానంగా అడిగింది. తన కేసెట్లకు వెనకాల భార్య గోళ్ళరంగుతో ఎర్ర గీత పెట్టేవాడట. మిగిలింది గ్యాపకం రాలేదు. "వస్తే ఫోను చేస్తానమ్మా. పాట ఏసిన కేసెట్టు కుందారపల్లిలో జయమ్మ ఇంట్లో ఉండాది, పోయి చూడండి" అన్నాడు.

కుందారపల్లి: పేరు పెట్టి పిలవని చోటు

మరునాడు కుందారపల్లి. అప్పట్లో దుమ్ము లేచే దారి, ఇప్పుడు లారీలు ఊదుకుంటూ పోయే పెద్ద రోడ్డు. జయమ్మ ఆ యజమాని భార్య. ఆయన పోయాడు. ఆమెకూ నా వయసే. గుమ్మంలో నన్ను చూసి కళ్ళ మీద చేయి అడ్డం పెట్టుకుంది.

"ఆకుపచ్చ చీర గురవమ్మవి కదూ? కుండలో సంగటి కెలికి, మా అత్తకు కూడా పెట్టినావే!"

"నువ్వేనా జయమ్మా? ఎంత లావైనావే తల్లీ!"

"నీ గొంతుకు ఏమాయ? కాకి మింగిందా?"

ఇద్దరం నవ్వుకున్నాం. మా వైపు తెలిసినవాళ్ళు కనబడితే ముందు ఏడుస్తారు, తర్వాత నవ్వుతారు. ఇక్కడ ముందే నవ్వేస్తారు, అది నాకు నచ్చింది. రాగిముద్ద, అవరగింజల పులుసు, అంటే మన అనపగింజలే, పెట్టింది. మేం సంగటిలో బియ్యం వేస్తాం, వీళ్ళు వట్టి రాగిపిండితో బంతి చేస్తారు. నమలకూడదు, మింగాలి. మానస నమిలింది. జయమ్మ దాన్ని చూసి, "పాపకు ముద్ద కూడా టెస్టు చేసి మింగాలేమో" అని ఆడుకుంది.

కేసెట్టు బీరువాలో పట్టుచీరల మడతలో ఉంది. మానస తన వెంట తెచ్చుకున్న చిన్న డెక్కులో పెట్టింది. అంతకు ముందు చేతులు కడుక్కుని తొడుగులు వేసుకుంది, కేసెట్టు వెనకాల ఉండే ప్లాస్టిక్ పలుకును జయమ్మను అడిగి విరిచింది. "ఇక దీని మీద ఎవరూ పొరపాటున కూడా ఇంకొకటి తీయలేరు" అంది. ఇన్నేళ్ళూ ఆ పలుకు విరవకుండా, మీద ఏదీ పడకుండా ఎలా బతికిందో మరి.

వేడుక వచ్చింది. పసుపునీళ్ళు, ఓణీ, మేనమామ పళ్ళేలు. జయమ్మ ప్రతి మొహానికీ పేరు చెబుతూ పోయింది, పోయినవాళ్ళకు పోయినారని చెబుతూ. ఉన్నట్టుండి నాలుగు మూలల నుంచి గులాబీ పూలు రాలాయి, వాటి నడుమ బావి వచ్చింది. గిలక, తాడు, మట్టితట్ట. తర్వాత తాడు పట్టుకుని ఓబులేసు పైకి వచ్చాడు. ముప్పై ఏళ్ళ మనిషి. గట్టు ఎక్కి, పళ్ళన్నీ కనబడేలా నోరు తెరిచి ఏదో అన్నాడు.

ఆ నోట్లో నుంచి ఆడమనిషి సినిమా పాట వచ్చింది.

జయమ్మ పడీ పడీ నవ్వింది. నేనూ నవ్వాను. ఆయన ఉంటే ఆయనే అందరికంటే ఎక్కువ నవ్వేవాడు. ఆ నవ్వు సగంలో ఆగిపోయింది నాకు. పెదాలు కదులుతున్నాయి, చేయి ఊపి ఏదో చెబుతున్నాడు, నేను ముందుకు వంగి చెవి పెడుతున్నాను, పాట తప్ప ఏమీ లేదు. మానస ఆపేసి నా చేయి పట్టుకుంది. "ఈ పాట కింద ఆయన మాట లేదు పెద్దమ్మా. అది అసలు కేసెట్టులోనే ఉండాలి" అంది.

బావి చూడటానికి వెళ్ళాం. మేం పేర్చిన రాయి ఒక్కటి కూడా కదల్లేదు. అడుగున నీళ్ళు, పక్కన మోటారు. ఆ నీళ్ళతో ఇప్పుడు మామిడితో పాటు టమాటా కూడా వేస్తున్నారు. మానస ముచ్చటపడి గట్టు మీద వంగి, తన పేరు తానే పిలుచుకోబోయింది. నేను గబుక్కున దాని నోరు మూశాను.

మా పనిలో బావిలోకి పేరు పెట్టి పిలవం. పిలిస్తే బావి ఆ పేరు గుర్తుపెట్టుకుంటుందని మా పెద్దవాళ్ళ భయం. మొగుడైనా, కొడుకైనా పేరుండదు. పైన ఉన్న ఆడమనిషి తాడు వదిలే ముందు "తట్టొస్తాంది" అని పిలవాలి. కింద ఉన్న మనిషి గోడకు ఒదిగి నిలబడి "రానీ" అనాలి. ఆ మాట వినబడేదాకా తట్ట వదలకూడదు. అన్నేళ్ళు రోజంతా మేమిద్దరం చెప్పుకున్న మాటలు అవే.

"ఆ 'రానీ' ఒక్కటి వినిపిస్తే చాలు నాకు" అన్నాను మానసతో.

సూళగిరి: టమాటా బుట్టల నడుమ భోజనం

ఇక చేసేది లేక ఇంటి దారి పట్టి, హోసూరు వెళ్ళే దారిలో సూళగిరి దగ్గర ఆగాం. రోడ్డు పొడవునా టమాటా బుట్టలు, కొత్తిమీర మూటలు. వెనకాల ఫ్యాక్టరీ షెడ్లు. ఒక మెస్సులో ఆంధ్రా భోజనం అని తెలుగులో రాసి ఉంటే వెళ్ళాం. నడిపేవాడు శ్రీకాకుళం మనిషి. తినేవాళ్ళు కంపెనీ బట్టల్లో ఉన్న మన వైపు కుర్రాళ్ళే. ఇక్కడి సాంబారులో బెల్లం వేస్తారని వాళ్ళకు తగని బాధ. గోంగూర పచ్చడి కనబడగానే నాకు ఊరు గుర్తొచ్చింది. తొంభై రూపాయలకు అడిగినంత అన్నం. నేను రెండోసారి అడిగితే, "అమ్మగారూ, ఆ గొంతుతో అడిగితే ఎవడు కాదంటాడు, సుబేదారు కేకలా ఉంది" అన్నాడు మెస్సాయన.

చేయి కడుక్కుంటుండగా మానస ఫోను మోగింది. మునిరాజప్ప. ఆ అమ్మాయి స్పీకరు పెట్టింది.

"గ్యాపకం వచ్చిందమ్మా! రాత్రంతా నిద్ర లేదు నాకు. కెలమంగలంలో పట్టుపురుగులు మేపే రత్నమ్మోళ్ళు. జయమ్మ ఇంటి ఫంక్షను అయినాక నేను తీసింది వాళ్ళ పిల్లోడి చెవులు కుట్టే ఫంక్షను. వాళ్ళ మామకు ఒళ్ళు బాగలేదు, మిక్సింగు అయ్యేదాకా ఆగలేరు. నా షూటింగు కేసెట్టే అడిగి తీసుకోని పోయినారు. ఒగ కేసెట్టు పాయనే అని శానా దినాలు నాకు కడుపుమంట."

"అంటే బావి మీద చెవులు కుట్టే ఫంక్షను తీసేశారు కదండీ, ఇంకేం మిగులుతుంది?" అంది మానస.

"చెవులు కుట్టేది ఎంతసేపమ్మా? పెద్దమనిషి ఫంక్షనంటే దినమంతా. బావి ఆఖర్లో తీసినాను. చెవుల ఫంక్షను ఆడిదాకా పోయిందో లేదో. అది అదే కేసెట్టో, వేరేదో. పోయి చూడండి, లేకుంటే నా మీద తప్పు పెట్టొద్దండి."

ఉందో లేదో తెలియని దాని కోసం ఆ అమ్మాయి మొహం వెలిగిపోయింది. ఇంత ఓపిక నేను గట్టిబండ మీద పడే గునపానికి చూశాను, మనిషికి చూడటం తక్కువ.

కెలమంగలం: పూలు బయట పెట్టే గది

ఆ మరుసటి రోజు కెలమంగలం. బస్టాండు, సంత, దాటగానే మల్బరీ తోటలు. రత్నమ్మ మాకు ఇంటి బయటే కాళ్ళ మీద మందునీళ్ళు పోసింది. పట్టుపురుగుల గదిలోకి వెళ్ళాలంటే వాసన ఉండకూడదు. సెంటు, పొగాకు, అగరుబత్తి ఏదీ పనికిరాదు. ఆమె కూడా తలలో మల్లెపూలు తీసి గూట్లో పెట్టి లోపలికి వచ్చింది. మా వైపు పూలు లేని ఆడదాన్ని కొన్ని గడపల దగ్గర ఆపుతారు. ఈ గడపలో పూలున్నదాన్ని ఆపుతారు. లోపల అందరం ఒకటే. తట్టల్లో పురుగులు ఆకు తింటుంటే సన్న ఇసుక జల్లెడ పడుతున్నట్టు చప్పుడు. ఎంతసేపైనా వినాలనిపించింది.

కేసెట్టు దేవుడి పటాల పక్కన ఉంది. వెనక్కి తిప్పితే, ఎర్ర గోళ్ళరంగు గీత! కానీ కేసెట్టుకు ఉండే చిన్న అద్దంలో నుంచి చూస్తే లోపలి రీలు మీద తెల్లగా బూజు.

"నీ దగ్గర డెక్కు ఉంది కదా, ఎయ్యమ్మా ఇప్పుడే" అన్నాను.

"వద్దు పెద్దమ్మా. బూజుతో వేస్తే ఒక్కసారికే చుట్టుకుని తెగిపోవచ్చు. హోసూరులో బాషా అన్న అని ఉన్నారు, ఆయన శుభ్రం చేశాకే వేయాలి."

రత్నమ్మ కేసెట్టును కొంగుతో తుడిచింది. "దీంట్లో మా మామ ఉండాడు. పిల్లోడిని ఒళ్ళో పెట్టుకోని కూర్చునింటాడు. ఆయప్ప ఫోటో కూడా ఇంగోటి లేదు మాకు. మా పిల్లోడు ఇప్పుడు హోసూరు కంపెనీలో పనికి పోతాడు, తాత మొగం వాడికి గ్యాపకం లేదు." తర్వాత మానసను దాటి నా దగ్గరకు వచ్చింది. "నువ్వు పెద్దదానివి. నీ చేతికి ఇస్తాను. జాగ్రత్తమ్మా."

దాన్ని చీర కొంగులో చుట్టుకుని బస్సెక్కాను. ఒక ఇంటి తాతను ఒళ్ళో పెట్టుకున్నట్టే ఉంది.

హోసూరు: పిట్టగోడ మీద ఎండ

హోసూరు చలి ఊరు. పొద్దున మంచు, ఎక్కడ చూసినా గులాబీలు, కంపెనీ బస్సులు. లాడ్జిలో నేను ముందే లేచాను. కేసెట్టు తీసి చూశాను. బూజు. అప్పడాలకు బూజు పడితే ఏం చేస్తాం? కందిపప్పుకు పడితే? ఆ అమ్మాయికి పని తగ్గుతుందనుకున్నాను. మేడ మీదికి వెళ్ళి, పిట్టగోడ మీద ఎండ పడేచోట కేసెట్టు పెట్టి, కాకులు రాకుండా పక్కన కూర్చున్నాను. ఒక పక్క కాలితే రెండో పక్కకు తిప్పాను కూడా.

మానస తల తుడుచుకుంటూ పైకి వచ్చింది. చూసింది. తువ్వాలు అక్కడే పారేసి పరిగెత్తి, కేసెట్టును రెండు చేతుల్తో ఎత్తి గుండెలకు ఆనించుకుంది, నీళ్ళలో పడిన పిల్లను ఎత్తుకున్నట్టు.

"ఎండ తగిలితే రీలు వంకర పోతుంది పెద్దమ్మా" అంది. అంతకంటే ఒక్క మాట అనలేదు. తిట్టినా బాగుండేది. నా మొగుడి గొంతు సంగతి నేను చూసుకుంటాను, రత్నమ్మ మామను ఏం చేశానో! జాగ్రత్తమ్మా అని నా చేతికే కదా ఇచ్చింది. ఆ పొద్దు నాకు ఇడ్లీ దిగలేదు.

బాషా అన్నది చిన్న గది, చుట్టూ పాత డెక్కులు. మనిషి సన్నం, గడ్డం తెలుపు. మానస జరిగింది చెప్పింది.

"ఎండలో ఎంతసేపు పెట్టినారమ్మా?"

"ఇడ్లీ రేకు ఉడికేంతసేపు" అన్నాను భయంగా.

ఆయన కేసెట్టు విప్పి దీపం కింద చూశాడు. "హోసూరు ఎండ కాబట్టి సరిపాయ. మీ ఊరి ఎండైతే దీన్ని నెత్తిన పెట్టుకోని ఏడ్చేది" అన్నాడు. అంచులు కొంచెం వంగాయట. రీలును మెత్తటి గుడ్డ మధ్య నుంచి అంగుళం అంగుళం నడిపించాడు. తెల్లపొడి రాలుతుంటే తుడవడం, మళ్ళీ నడపడం. మధ్యాహ్నం దాకా అదే పని. మాట లేదు, విసుగు లేదు. మానస గంజిలాంటి టీ తెచ్చి ఇస్తే అదీ చల్లారిపోయింది. నీటిఊట దగ్గరకు వచ్చాక ఓబులేసు ఇలాగే తవ్వేవాడు. గునపం పక్కన పెట్టి, చేత్తో.

తర్వాత డెక్కులో వేశాడు. చెవులు కుట్టే వేడుక వచ్చింది. బొమ్మ పైన అలలు అలలుగా గీతలు, అది నా ఎండ చేసింది. కానీ వాటి కింద ఒక ముసలాయన, తలపాగా, ఒళ్ళో గుండు పిల్లాడు. పిల్లాడు ఏడుస్తుంటే ముసలాయన కూడా కళ్ళు తుడుచుకుంటున్నాడు. రత్నమ్మ మామ బతికాడు! నేను గట్టిగా దణ్ణం పెట్టుకున్నాను.

వేడుక అయిపోయింది. తెరంతా చుక్కలు, సొయ్యిమని చప్పుడు. బాషా అన్న చేయి మీట మీదికి వెళ్ళింది.

"ఉండనివ్వండి అన్నా. చివరిదాకా" అంది మానస.

చుక్కలు, చుక్కలు. నేను తల దించుకున్నాను. అప్పుడు టక్కున చప్పుడు మారింది. గిలక కీచుమంది. తల ఎత్తేసరికి మామిడిచెట్లు వంకరగా నిలబడి ఉన్నాయి. ఆకుపచ్చ చీర మనిషి ఒకతె తాడు పట్టుకుని బావిలోకి వంగింది. గొంతు లేచింది.

"తట్టొస్తాందీ..."

సన్నంగా, గట్టిగా, ఎక్కడా చీలకుండా పోయింది ఆ పిలుపు.

"ఎవురమ్మా ఆ పిలిచేది?" అన్నాను.

మానస తెరను చూసింది, నన్ను చూసింది. "మీరే పెద్దమ్మా."

నేను నోరు తెరిచేలోగా కింద నుంచి వచ్చింది.

"రానీ..."

రాతి గోడలకు తగిలి, గుండ్రంగా తిరిగి, నీళ్ళ చల్లదనంతో పైకి వచ్చింది. దగ్గు లేదు. ఆ గొంతే. నా ఒంట్లో ప్రతి ఎముకకూ అది తెలుసు, చెవికే ఇన్నాళ్ళూ తెలియలేదు.

"ఇంగొగసారమ్మా" అన్నాడు కెమెరా వెనక నుంచి మునిరాజప్ప, పాతికేళ్ళ కిందటి మునిరాజప్ప. ఆకుపచ్చ చీర నేను మళ్ళీ పిలిచాను. ఈసారి కింద నుంచి జవాబు లేదు. నేను మరింత వంగి గట్టిగా పిలిచాను.

"రానీలేవే! తొందరెందుకు, మొగుడి మీద పడేస్తావా ఏంది?"

పైనున్న ఆడవాళ్ళంతా నవ్వారు. ఆయన కింద నవ్వాడు. బావి మొత్తం నవ్వింది. అక్కడితో రీలు అయిపోయింది.

ఆయన ఆ మాట అన్నట్టు నాకు గుర్తే లేదు. వేలసార్లు పిలిచాను కదా, ఆ ఒక్కసారి ఎక్కడ గుర్తుంటుంది. బాషా అన్న అద్దాలు తీసి తుడుచుకున్నాడు. "ఇంకోసారి ఎయ్యప్పా" అన్నాను. "కేసెట్టును ఇంగ తిప్పొద్దమ్మా, అది అలిసిపోయింది. కంప్యూటర్లోకి ఎక్కింది, ఎన్నిసార్లు కావాలంటే అన్నిసార్లు విను" అన్నాడు. చీకటి పడేదాకా కడుపు నిండేలా విన్నాను.

మానస అనుమతి కాగితం మొత్తం చదివి వినిపించింది. నాకు చదువు రాదు గనక చిన్న కెమెరా పెట్టి, నా నోటితోనే చెప్పమంది. చెప్పాను. "నేను గురవమ్మను. బావిలో ఉండేది నా మొగుడు ఓబులేసు. మీ సినిమాలో పెట్టుకోండి. దాని మీద పాట మాత్రం ఎయ్యగాకండి."

"ఇది మునిరాజప్పకు కూడా పంపాల" అన్నాడు బాషా అన్న.

కేసెట్టు ఇవ్వడానికి మరునాడు మళ్ళీ కెలమంగలం వెళ్ళాం, కొత్తగా ఎక్కించిన బొమ్మతో సహా. ఎండలో పెట్టిన సంగతి నేనే ముందు చెప్పేశాను. రత్నమ్మ నోటికి చేయి అడ్డం పెట్టుకుంది. తర్వాత ఫోనులో తాత మొహం చూసి, కళ్ళనీళ్ళతోనే అంది: "పురుగులనైతే అంతసేపు ఎండలో పెట్టుంటే మిగిలేవి కాదు. మా మామ గట్టోడు." నాకు ఒక పట్టుగూడు ఇచ్చింది, ఇంటికి తీసుకెళ్ళమని.

ఇంటి దగ్గర

వచ్చిన రోజే మా కూతురు లక్ష్మి అడిగింది, ఏం చూశావమ్మా అని. ఏం చూశానో చెప్పడం కాదని, మానస ఆ బొమ్మ ఎక్కించి ఇచ్చిన నా ఫోను తీసి దాని చేతికి ఇచ్చాను. నాయన అంటే దానికి తెలిసింది మంచం, దగ్గు, కషాయం. నొక్కింది. ఫోను చెవికి ఆనించుకుని విన్నది. తర్వాత, "నాయన గొంతు ఇంత బాగుండేదా? పైన పిలిచేది ఎవరమ్మా?" అంది.

"నేనే."

నమ్మలేదు. నా మొహం చూసింది, గొంతు చూసింది. మళ్ళీ పెట్టు అన్నాను. పెట్టింది. గిలక కీచుమనగానే, ఆ ఆకుపచ్చ చీర మనిషి కంటే ముందే నేను లేచి నిలబడి, ఈ చీలిన గొంతుతో ఎంత శక్తి ఉంటే అంత శక్తితో పిలిచాను.

"తట్టొస్తాందీ..."

ఫోనులో నుంచి ఆయన అన్నాడు.

"రానీ..."